బ్రహ్మాండం అన్న మాట

తన మాటే తనకు ఎదురు తిరుగుతుందని మాలకీ ఎన్నడూ అనుకోలేదు.

కోర్టులో ఇన్సూరెన్సు కంపెనీ లాయరు డాక్టరు రిపోర్టును నింపాదిగా చదువుతున్నాడు. "చెయ్యి ఎలా ఉందని అడిగాను. 'బ్రహ్మాండంగా ఉంది డాక్టరుగారూ' అన్నాడు. నిద్ర? బ్రహ్మాండం. పని? బ్రహ్మాండం." కళ్లజోడు తీసి చూశాడు. "ఇవి మీ మాటలేనా?"

"నావే," అన్నాడు మాలకీ.

ఐర్లండులోని క్లేర్ కౌంటీలో గుర్రాలకు నాడాలు కొట్టడం అతని వృత్తి. కిందటి శరత్తులో, వానలో సైకిల్ మీద ఇంటికి వెళ్తుంటే వెనకనుంచి కారు గుద్దింది. విరిగిన కుడి మణికట్టు అతుక్కుంది గాని అరచేతికీ వేళ్లకూ స్పర్శ తిరిగి రాలేదు. ఎముకకు ఎక్స్‌రే సాక్ష్యం ఉంది. నరాల పరీక్ష మాత్రం ఎటూ తేల్చలేదు. స్పర్శ పోయిందని చెప్పడానికి మిగిలింది అతని నోరొక్కటే.

ఆ నోరు బ్రహ్మాండం అంది. ఆ ప్రాంతంలో కాలు విరిగినవాడూ అదే అంటాడు, ఇల్లు కాలినవాడూ అదే అంటాడు. డాక్టరు స్విట్జర్లాండు మనిషి. విన్నది విన్నట్టు రాసుకున్నాడు.

మాలకీ తరఫు లాయరు గ్రోనియా పక్కకు వంగి గొణిగింది. "ఏం మనిషివయ్యా నువ్వు? బాధ చెప్పుకోమని పంపిస్తే చుట్టపుచూపుకి వెళ్లొచ్చావా?"

"మర్యాదగా అడిగాడమ్మా. మర్యాదగా చెప్పాను."

ఆమె నిట్టూర్చి తమ సాక్షిని పిలిచింది. నోరీన్ మాలకీకి పొరుగు రైతు, బూడిదరంగు ఆడగుర్రం యజమానురాలు. బైబిలు మీద చెయ్యి పెట్టి ప్రమాణం చేసింది.

"ప్రమాదం తర్వాత ఇతను మీ గుర్రానికి నాడాలు కొట్టాడా?" గ్రోనియా అడిగింది.

"ఏప్రిల్లో కొట్టాడు. ఇంట్లో కూర్చుని దిగులుపడుతున్నాడని నేనే రమ్మన్నాను."

"పని ఎలా చేశాడు?"

మాలకీకి ఆ జవాబు తెలుసు. వారం తర్వాత ఆమె దారిలో కనిపిస్తే తనే అడిగాడు. గుర్రం బ్రహ్మాండంగా నడుస్తోందంది. ఆ మాట తలుచుకునే ఇన్నాళ్లూ నిద్రపోయాడు.

నోరీన్ చేతిసంచి పట్టీ మెలిపెట్టింది.

"మేకు పచ్చిమాంసంలోకి దిగింది. గిట్ట చీము పట్టింది. ఎన్నిస్ పట్నం నుంచి వేరే ఆయన్ని పిలిపించి ఊడదీయించాను." గొంతు తగ్గించింది. "మేకు దిగినప్పుడు గుర్రం వణికింది జడ్జిగారూ. ఇతని అరచెయ్యి దాని కాలిమీదే ఉంది. ఇతనికి తెలియలేదు."

మాలకీ కుడిచేత్తో బల్ల అంచు పట్టుకున్నాడు. పట్టుకున్నట్టు కంటికి కనబడింది, అంతే. చిన్నప్పటినుంచీ ఏ గుర్రమూ అతని చేతికి తెలియకుండా వణకలేదు.

జడ్జి ముందుకు వంగింది. "ఈ సంగతి అతనితో అనలేదా?"

"ఎలా అంటానండీ? బ్రహ్మాండం అన్నాను."

వెనక ఎవరో నవ్వబోయి మానుకున్నారు. సాక్షుల వరసలో కూర్చున్న స్విస్ డాక్టరు తల దించుకుని తన రిపోర్టు మళ్లీ మొదటినుంచి చదవడం మొదలుపెట్టాడు. కాసేపటికి తనే లేచి, చేతిని ఇంకోసారి పరీక్షిస్తానని అడిగాడు. ఈసారి మాలకీ కళ్లకు గంతలు కట్టి సూదితో గుచ్చుతూ వెళ్లాడు. ఎలా ఉందని అడగలేదు. మాలకీ చెయ్యి కదలలేదు.

సాయంత్రానికి జడ్జి అతని వైకల్యాన్ని ఒప్పుకుంది.

"గెలిచామయ్యా," అంది గ్రోనియా. మాలకీ తలూపాడు. విన్నట్టు లేదు.

బయట వాన పడుతోంది. మెట్లమీద నోరీన్ గొడుగు విప్పకుండా నిలబడి ఉంది.

"నాకెందుకు చెప్పలేదు?" అన్నాడు.

"చెబితే మళ్లీ సుత్తి పట్టేవాడివా?"

అతను తన అరచేతికేసి చూసుకున్నాడు. "గుర్రం ఇప్పుడెలా ఉంది?"

అలవాటు మాట ఆమె పెదవులదాకా వచ్చి ఆగింది.

"ఇంకా కొంచెం కుంటుతోంది, మాలకీ."

చలిగాలి కొట్టింది. అతని కోటు తెరుచుకుని ఉంది. ఆమె అడగకుండానే దగ్గరికి జరిగి ఒక్కో గుండీ పెట్టసాగింది. అతను వద్దనలేదు.