తొమ్మిది కుండల మైలుతుత్తం

నీట మీనమై లోకాల నిలిపినట్టి
దేవ! నీ దయ లేకున్నఁ దెరవు గలదె?
చిన్న చేపకుఁ బెద్దకు జీవమైన
జలముఁ గాపాడు బుద్ధిని జనుల కిమ్ము.

మీనరూపుడైన ఆ స్వామికి మ్రొక్కి, మీనములను నమ్ముకొని బ్రతికిన ఒక మనిషి కథ చెబుతున్నాను.

క్రోధి నామ సంవత్సరం భాద్రపద మాసం. బోధన్‌కు రెండు కోసుల దూరాన, నిజాంసాగర్ కాలువ కింద ఉన్న ఒక పల్లెలో బెస్త కాశయ్యకు అన్నం సహించడం లేదు. ఆ ఊరి బెస్తలు ముప్పై ఇళ్లవారు కలసి చేపపిల్లలను సాకే కుంటకు అతడు కావలి. శ్రావణంలో నిజామాబాదు నుంచి నీళ్ల హండాలలో తెచ్చి వదిలిన పిల్లలు ఇరవై వేలు. అవి వేలెడు పొడవు పెరిగిన తరువాత ఊరి పెద్ద చెరువులోకి వదలాలి. ఆ చెరువు చేపే ముప్పై ఇళ్లకు ఏడాది పొడుగునా ఆధారం. పిల్లలను అప్పగించిన నాడు కాశయ్య గంగమ్మ పేర ప్రమాణం చేసి, వాటికి తానే తల్లినని అందరి ఎదుట అన్నాడు. ఇప్పుడు ఆ మాటే అతని గొంతులో ముల్లై కూర్చుంది.

కారణం నాచు. కుంట పక్కన బాపురావు పటేల్ చెరుకు మడి ఉంది. మడికి చల్లిన ఎరువు వానలకు కరిగి కుంటలోకి దిగింది. పది రోజులలో నీరంతా పచ్చబడి, ఆ పచ్చదనం దారాలుగా, దారాలు జడలుగా పెనవేసుకుంది. ప్రతి ఉదయం కాశయ్య తెప్ప మీద వెళ్లి ఆ జడలను ఎత్తి చూసేవాడు. వాటిలో చిక్కుకొని ఊపిరాడక చచ్చిన పిల్లలు మొదటి నాడు పది కనిపించాయి, నాలుగవ నాటికి నలభై. చేతులతో ఎంత లాగి పారేసినా, మూడు రోజులకు మళ్లీ అంతే.

కబురు అందుకొని మత్స్యశాఖ ఉద్యోగి ఆత్మారాం నిజామాబాదు నుంచి వచ్చాడు. ఆయన వెంటనే మందు పేరు చెప్పలేదు. ముందు గట్టు చుట్టూ అడుగులు కొలిచి, తరువాత తెప్ప ఎక్కి పన్నెండు చోట్ల వెదురుగడ దించి లోతు చూశాడు. తూము దగ్గర ఆరడుగులు, అంచుల్లో ఒక్క అడుగు. అన్నీ కూడి పన్నెండింట భాగిస్తే మూడడుగులు తేలింది. ఇరవై గుంటల కుంటకు మూడడుగుల నీరు. ఆ లెక్క మీద ఆయన ఒక కాగితం రాశాడు. మైలుతుత్తం ఒక కిలో. అదీ ఒక్కసారి కాదు. కుంటను మూడు భాగాలుగా తలచుకొని, వారానికొక భాగం మీద మూడవ వంతు చొప్పున, ఎండ కాసే పొద్దున చల్లాలి. మందు పడిన తరువాత పశువులను కుంట వైపు రానీయరాదు. ఇన్ని జాగ్రత్తలు ఎందుకని కాశయ్య అడిగితే ఆయన కూర్చోబెట్టి చెప్పాడు.

“నాచు సచ్చి కుళ్లేటప్పుడు నీళ్లల్ల ఊపిరంత గుంజుకుంటది, కాశయ్యా. కుంటంత ఒక్కసారి సస్తే చేప ఎటు పోతది? అందుకే రెండు భాగాలు ఇడిసిపెట్టాలె. ఇంకోటి, మందు ఎక్కువైతే నాచు కన్న ముందుగాల చేప పోతది. కాగితం దాటకు.”

అది చెప్పి, కిలో మందు పొట్లం కట్టి ఇచ్చి, ఆయన నవీపేట వైపు పనుల మీద వెళ్లిపోయాడు. తిరిగి రావడానికి నెల రోజులు పడుతుందన్నాడు.

మైలుతుత్తం పటికబెల్లం వలె గడ్డలుగా ఉంటుంది, తొందరగా కరగదు. కరిగించడానికి పెద్ద పాత్ర కావాలి. బాపురావు ఇంట పసుపు కొమ్ములు ఉడకబెట్టే ఇనుప కడాయి ఉంది. పసుపు పని మాఘ ఫాల్గుణాలలో ముగిసింది కనుక అది దొడ్డిలో బోర్లించి ఉంది. కాశయ్య దానిని అడిగి తెచ్చాడు. కొలిచిన మూడవ వంతు మందును సాయంకాలం అందులో నీళ్లు పోసి నానవేసి, తెల్లవారిన తరువాత చూశాడు. గడ్డలు కరిగిపోయాయి. నీరు లేత ఆకుపసరు రంగులో ఉంది. అడుగున ఎర్రని మడ్డి పేరింది. అంతకుముందు ఆ మందును ఎన్నడూ ఎరుగని కాశయ్య అదే దాని స్వభావం కాబోలుననుకున్నాడు. తేట నీటిని ముంచుకొని, తెప్ప మీద తిరుగుతూ కుంటలో ఒక భాగమంతా చల్లాడు. గట్టు చుట్టూ ముళ్లకంప పరిచి, దేవుణ్ణి తలచుకొని ఎదురుచూశాడు.

ఏడు రోజులు గడిచాయి. చల్లిన భాగానికీ చల్లని భాగానికీ తేడా ఏమీ లేదు. ఆ వారంలో చచ్చిన పిల్లలను లెక్కపెడుతూ లెక్కపెడుతూ నాలుగు వందల దగ్గర కాశయ్య ఆపేశాడు. ఇళ్లవారు ఒక్కొక్కరే వచ్చి గట్టు మీద నిలబడి, ఏమీ అనకుండా చూసి వెళ్లేవారు. తిట్టిపోస్తే బాగుండునని అతనికి అనిపించేది.

ఎనిమిదవ రోజు బాపురావు చెరుకు చూసుకోవడానికి వచ్చి కుంట గట్టు మీద ఆగాడు. మనిషి మంచివాడు, నోరు మాత్రం ఊరుకోదు.

“చేపల డాక్టర్ గుళ్లె తీర్థమిచ్చినట్టు ఇచ్చిపోయిండా, కాశన్నా? గింతంత మందుకు గంత నాచు సస్తదా? నాటేటి చెరుకు ముచ్చెలు తెగులు రాకుంట ముంచనీకి తెచ్చిన తుత్తం మూడు కిలోలు నా ఇంట్ల ఉన్నది. తీస్కపో. ఒక్కనాడే వోసెయ్.”

కాగితం దాటవద్దన్నారని కాశయ్య గొణిగాడు. కాగితం రాసినవాడు కుంటను చూడడానికి మళ్లీ వచ్చాడా అని బాపురావు అడిగాడు. ఆ పగలంతా కాశయ్య తనలో తాను తర్కించుకున్నాడు. మూడవ వంతు వేస్తే నాచు ఒక్క పోగు కూడా వాడలేదు. అటువంటప్పుడు కిలో వేసినా వాడుతుందన్న నమ్మకమేమిటి? ఆయన కొలతలో తప్పు జరిగి ఉండాలి. ఇంకొక వారం ఆగితే మిగిలేది నాచే. తర్కమంతా సరిగానే ఉంది. సాయంకాలానికి అతడు బాపురావు ఇంటికి వెళ్లి మూడు కిలోలూ తెచ్చాడు.

కడాయిని తెచ్చి చాలా రోజులైందని, తిరిగి ఇచ్చేయాలని భార్య ఈరవ్వ పట్టుబట్టింది. అందుచేత ఈసారి కాశయ్య ఇంటి ముందున్న మట్టి గోలెంలో తొమ్మిది కుండల నీళ్లు పోసి, మూడు కిలోల తుత్తం అందులో వేసి, పైన తడిక కప్పాడు.

తెల్లవారి తడిక తీసినప్పుడు అతని చేయి ఆగిపోయింది. గోలెంలో నీరు నీలంగా ఉంది. నెమలి మెడ వంటి నీలం. హాలాహలాన్ని నిలిపిన ముక్కంటి కంఠం వంటి నీలం. కిందటిసారి ఇది ఆకుపసరు వలె ఉంది కదా అని అతనికి తోచింది. మందు ఎక్కువైనందువల్ల రంగు ముదిరిందేమో. అయినా ఎండ అప్పుడే గట్టెక్కుతోంది, ఆలస్యం చేస్తే మనసు మళ్లుతుంది. అతడు మొదటి కుండ ముంచాడు.

అదే సమయానికి ఈరవ్వ దొడ్డిలో కడాయి తోముతోంది. పసుపు అమ్మవారి నుదుటికి పోయేది, పుస్తెల తాడుకు పోయేది. దానిని ఉడికించే పాత్రలో విషం కలిపామని ఆమె తెచ్చిన నాటి నుంచి బాధపడుతూనే ఉంది. తిరిగి ఇచ్చేటప్పుడు మసి మరక లేకుండా ఇవ్వాలి. బూడిదతో రుద్దింది, చింతపండుతో రుద్దింది. మడ్డి పోయింది గాని కడాయి లోపలి రంగు పోలేదు. రుద్దేకొద్దీ మెరుస్తోంది. చివరకు విసిగి కడాయిని నడుమున ఎత్తుకొని భర్త దగ్గరకు వచ్చింది.

“ఇగో, ఇంటున్నవా? పటేలుకు ఏం మొకం పెట్టుకొని ఇయ్యాలె గిది? ఇనుప కడాయి తీస్కపోయి రాగి కడాయి తెచ్చిండ్రంటడు. సూడు, మన పూజ చెంబు లెక్కనే అయింది.”

కాశయ్య చూశాడు. కడాయి లోపల, నీళ్లు నిలిచిన గుర్తు వరకు, తోమిన రాగిచెంబు వలె ఎర్రగా ఉంది. ఆ గుర్తుకు పైన ఇనుము నల్లగానే ఉంది. ఆ రెండింటి నడుమ గీత గీసినట్టున్న హద్దును అతడు వేలితో తడిమాడు. తరువాత కుండను కింద దించి, చూరులోని కొడవలి తీసి, దాని అలుగును గోలెంలో ముంచి ఉంచాడు. కాసేపటికి పైకి తీస్తే, మునిగినంత మేర అలుగు ఎర్రబడింది.

అప్పుడు అతనికి సంగతి తెలిసింది. తుత్తంలో ఉన్న రాగిని రాత్రంతా ఇనుము పట్టి ఉంచుకుంది. తాను కుంటలో చల్లింది మందు కాదు, మందు పోయిన నీళ్లు. కాగితం తప్పు కాదు. కాగితంలోని మందు కుంటకు చేరనే లేదు. ఇప్పుడు మట్టి గోలెం ఏమీ పట్టి ఉంచుకోలేదు. మూడు కిలోల తుత్తం మూడు కిలోలుగానే అందులో ఉంది, ఇరవై వేల ప్రాణాల మీద ఒక్కసారిగా పడడానికి సిద్ధంగా.

“మందు కడాయి తాగింది, ఈరవ్వా,” అన్నాడు చివరకు. “నేను చేపలకు తాగించబోయిన.”

ఆమెకు అంతా అర్థం కాలేదు. అయినా కుండను దూరం జరిపింది.

కొంత తేరుకున్నాక కాశయ్య లెక్క వేసుకున్నాడు. తొమ్మిది కుండలలో మూడు కిలోలు. అంటే ఒక్క కుండలో కిలోలో మూడవ వంతు. కాగితం చెప్పిన మోతాదు ఆ ఒక్క కుండే. తక్కిన ఎనిమిదింటి మీద తడిక కప్పి, పైన బండ పెట్టి, కోడి గాని మేక గాని దరికి రాకుండా కంప పరిచాడు. ఆ ఒక్క కుండను మరికొన్ని నీళ్లతో పలుచన చేసి, కుంటలో ఎండ పడే తూర్పు భాగం మీద సమంగా చల్లాడు. పని ముగిసే వరకు పెదవుల మీద కేశవ నామం ఆగలేదు.

అప్పుడు మొదలైంది అసలు దిగులు. ఒక్క కుండ కూడా ఎక్కువేమో. ఆత్మారాం లోతు కొలిచిన తరువాత నీరు తగ్గిందేమో. అతడు తానే వెదురుగడ తీసుకొని పన్నెండు చోట్ల మళ్లీ కొలిచాడు. నాలుగు వేళ్ల వానే అదనంగా చేరింది. అప్పటికి గాని అన్నం ముద్ద దిగలేదు.

రెండవ నాడు తూర్పు భాగంలో నాచు పసుపుబారింది. మూడవ నాటి వేకువన వెళ్లేసరికి, ఆ మూలన నీటి పైన వందల చిన్న నోళ్లు తెరుచుకొని మూసుకుంటున్నాయి. ఆత్మారాం చెప్పినట్టే చచ్చే నాచు నీటి ఊపిరిని తింటోంది. కాశయ్య కాలువ పిల్లతూముకు పరుగెత్తి, అడ్డం ఉన్న పలక ఎత్తి కొత్త నీటిని వదిలాడు. వచ్చి గట్టు మీద మోకాళ్ల మీద కూర్చున్నాడు. చేయగలిగింది ఇంకేమీ లేదు.

పొద్దు బారెడెక్కే వేళకు చిన్న చేపల గుంపు ఒకటి మెల్లగా పడమటికి, మందు పడని నీటిలోకి జరిగింది. దాని వెనుక ఇంకొకటి. ఆ నోళ్లు ఒక్కొక్కటే నీటి కిందికి దిగిపోయాయి. ఆ పూట మూడు పిల్లలు మాత్రమే చచ్చి తేలాయి. కుంటంతా ఒక్కసారి మందు పోసి ఉంటే అవి ఏ పడమటికి పోయేవి?

వారానికొక కుండ చొప్పున తక్కిన రెండు భాగాలూ శుభ్రపడ్డాయి. మిగిలిన ఆరు కుండలను బాపురావు చెరుకు ముచ్చెలు ముంచడానికి జాగ్రత్తగా తీసుకువెళ్లాడు. కడాయిని మాత్రం తీసుకోలేదు. “పసుపుకు కొత్తది కొంట గాని, గిది నీ దగ్గర్నే ఉండనీ కాశన్నా. మళ్లెప్పుడన్న నా మాట ఇంటే ఒకసారి దీని మొకం సూడు,” అన్నాడు.

ఆశ్వయుజంలో పెద్ద చెరువు నిండింది. ముప్పై ఇళ్లవారూ గట్టు మీద నిలిచి చూస్తుండగా, కాశయ్య హండాలు ఒక్కొక్కటే వంచాడు. వేలెడు పొడవైన వెండి చేపలు అతని వేళ్ల నడుమ నుంచి జారి లోతుకు పోయాయి. చివరి హండా ఖాళీ అయిన తరువాత కూడా అతడు చేయి నీటిలోనే ఉంచి, కొంతసేపు అలాగే కూర్చున్నాడు.

ఈ కథ విన్నవారి ఇంట నీరు తేటగా ఉండుగాక. వారి చేతి కొలత తప్పకుండుగాక. వారిని నమ్మి బ్రతికే చిన్న ప్రాణులకు మీనరూపుడైన స్వామి చల్లని నీడ అగుగాక.