ఆ రోజు నేను ఇంట్లో లేను

తలుపుకి అంటించిన కాగితం మీద వేడినీళ్ళు చల్లి, పాత కత్తితో అంచులు లేపుతున్నాను. "నలుగురూ లేవకముందే గీకెయ్యవే, పరువు పోతుంది" అని అత్తగారు లోపలినుంచి తొందరపెడుతోంది. కొడుకు అప్పు చేస్తే, బ్యాంకువాళ్ళు ఇల్లు స్వాధీనం చేసుకుంటామని అంటించిన నోటీసు గీకే పని కోడలిది! తీరా చూస్తే అందులో ఉన్నది నా పేరు. చిరక్కుండా తీసి మడత పెట్టుకున్నాను.

ఆడవాళ్ళ పేరు మీదైతే వడ్డీ తగ్గుతుందని ఇల్లు నా పేరున కొన్నాడు మా ఆయన. "పేరు నీది, ఇల్లు నాది" అని అందరి ముందూ అంటే అందరూ నవ్వారు, సిగ్గులేకుండా నేనూ నవ్వాను. తర్వాత దాన్నే తాకట్టు పెట్టి దుకాణం తెరిచాడు. నేను పొయ్యి దగ్గరుంటే కాగితాలు తెచ్చి "ఇక్కడ పెట్టు, ఇక్కడ పెట్టు" అని వేలితో చూపించేవాడు. కొన్నాళ్ళకి నా సంతకం తనే నేర్చేసుకున్నాడు. పిల్లల బడికి, గ్యాసుకి, కొరియర్‌కి, అన్నిటికీ తనే. "మొగుడూ పెళ్ళాల మధ్య ఎవరు పెడితే ఏంటే!" అంట్లు తోమడానికి పనికొచ్చిన నా చెయ్యి నా పేరు రాయడానికి అక్కర్లేకపోయింది.

నేనిచ్చిన నోటీసు, బ్యాంకునుంచి తెప్పించిన కాగితాలు లాయరమ్మ తిరగేసింది. "దీనికి ముందు ఇంకో నోటీసు వచ్చుండాలే. మీరు అభ్యంతరం రాస్తే బ్యాంకు జవాబు చెప్పి తీరాలి. ఎందుకు రాయలేదు?"

"నాకు రాలేదండీ."

బ్యాంకు ఇచ్చిన ఆ మొదటి నోటీసు రసీదు నకలు నా ముందుకు జరిపింది. అందుకున్నట్టు నా సంతకం. తేదీ చూశాను. అత్తగారికి ఆపరేషన్ జరిగిన రోజు. ఆసుపత్రిలో ఆవిడ మంచం పక్కన నేల మీద ఉన్నాను.

"అయితే ట్రిబ్యునల్‌కి వెళ్దాం, గడువు ఇంకా ఉంది. మీకు నోటీసే అందలేదు కాబట్టి స్వాధీనం ఆపమని అడగొచ్చు. అప్పు ఎక్కడికీ పోదు, కానీ బ్యాంకు మళ్ళీ మొదటినుంచి రావాలి. ఈలోగా దుకాణం అమ్మి కట్టుకోవచ్చు. ఒకటే చిక్కు. ఆ సంతకం ఎవరిదో మీరు ప్రమాణం చేసి చెప్పాలి."

ఇంట్లో చెప్పాను. "కట్టుకున్నవాణ్ణి దొంగని చేస్తావా? ఆ సంతకం నీదేనని చెప్పు. ఇల్లు పోతే పోనీ" అంది అత్తగారు. మా ఆయన ఫోన్‌లోంచి తలెత్తకుండా, "ఎందుకింత గోల? లాయర్ని ఇంకేదైనా రాయమను. ఆ కాగితాలు టేబుల్ మీద పెట్టు, సంతకం నేనే పెట్టేస్తాలే" అన్నాడు.

నా ఒళ్ళు మండిపోయింది. నెత్తిమీది కప్పు పోతున్నా, ఈ మనిషి నా సంతకం మీద పెత్తనం మాత్రం వదులుకోడు!

తెల్లారి మళ్ళీ లాయరమ్మ దగ్గరికి వెళ్ళి, ఆ రోజు నేను ఇంట్లో లేనని, ఆ సంతకం నా భర్త పెట్టాడని రాయించి, కింద నా చేత్తో నేను సంతకం పెట్టాను. నేను ఆసుపత్రిలో ఉన్నానంటే సాక్షి ఎవరని అడిగింది. మా అత్తగారి పేరు చెప్పాను. కాదనాలంటే, ఆ రోజు తన కింద తడిసిన దుప్పటి తీసింది ఎవరో ఆవిడే చెప్పాలి.