జీడిపిక్కల కేసు

జగన్నాధానికి తన తువ్వాలు కనబడదు. పొద్దున్నే "అరుణా, నా తువ్వాలేదే?" అని ఇల్లెగిరిపోయేలా అరుస్తాడు. తీరా చూస్తే అది ఆయన భుజం మీదే ఉంటుంది. అటువంటి చూపున్న మనిషి కిందటి వేసవిలో భోగాపురం రోడ్డు మీద నుంచి, అంత దూరాన జీడితోటలో వంగి ఉన్న సొంత చెల్లెలు ఉషని గుర్తుపట్టాడు. పైగా ఆమె చేస్తున్నది దొంగతనమని కూడా గుర్తుపట్టాడు. భార్య అరుణశ్రీ ఆశ్చర్యపోక ఏం చేస్తుంది?

విమానాశ్రయం పుణ్యమా అని ధర లేచేదాకా ఆ తోట ఎవరికీ పట్టలేదు. లేచాక, నాన్న ఆస్తిలో నాకూ వాటా ఉందని ఉష నోటీసు పంపింది.

"సివిలు దావా తేలీసరికి మనం ముసిలోళ్లమైపోతాం. క్రిమినల్ కేసెడితే అదే దారికొస్తాది," అన్నాడు జగన్నాధం, ప్లీడరు మాటని తన సొంత తెలివిలా. ఉష తోటలో జొరబడి పిక్కలు ఎత్తుకెళ్లిందని ఫిర్యాదు రాయించాడు. 'నా రెక్కల కష్టంతో పండించిన పంట' అని కూడా రాయించాడు. ఆ వాక్యం చదివి అరుణశ్రీ తన వేళ్లు చూసుకుంది. పండు నుంచి పిక్క వలిచేది ఆమె. జీడి సొన అంటి తోలు ఊడి, వేసవంతా కూర కలిపితే భగ్గున మండేవి ఆమె వేళ్లు. బోటనీలో డిగ్రీ చదివిందానికి చెట్టుకి ఆ మాత్రం సేవ చెయ్యాలి కాబోలు అనుకునేది.

పోలీసులకి టీ పెట్టడానికి ఆమె వంటింట్లోకి వెళ్లొచ్చేసరికి హాల్లో ఆమె వాంగ్మూలం తయారైపోయింది. ఉష సంచితో పారిపోవడం ఆమె కళ్లారా చూసిందట. ఆమె రెండో సాక్షట.

"నీ తరపున నేను సెప్పేసేన్లే," అన్నాడు జగన్నాధం.

ఆయన ఆమె తరపున చాలా చెప్పేస్తుంటాడు. ఆమెకి సినిమాలంటే ఇష్టం లేదని, ఉద్యోగం తనే వద్దందని. అలవాటైపోయి ఆమె కూడా కొన్ని నమ్మేసింది. ఇది మాత్రం గొంతు దిగలేదు. నూతి పక్క చెట్టు పిక్కలు ఇంటి ఆడపిల్లకే చెందాలన్నది అత్తగారు పెట్టిన కట్టుబాటు. ఆవిడ పోయాక కూడా ఏటా ఉషకి ఫోను చేసి రమ్మనేది అరుణశ్రీయే. ఫిర్యాదులో దొంగతనమని రాసిన రోజు కూడా ఆమే రమ్మంది. ఇప్పుడు శిక్ష పడితే ఉష అంగన్‌వాడీ ఉద్యోగం పోతుంది.

వాయిదా రోజున కోర్టు వరండాలో ఉష కేసు సంగతేదీ ఎత్తలేదు. "ఒదినా, సిక్కిపోయినావేటి?" అంది. తిట్టినా బాగుండేది.

అరుణశ్రీ బోనెక్కాక సర్కారు ప్లీడరు, "గట్టిగా చెప్పమ్మా, రాసుకోవాలి," అన్నాడు.

"దొంగతనం కాదండి. నేనే రమ్మన్నాను. సంచి మూతి నేనే పట్టుకున్నాను."

టైపు చప్పుడు ఆగింది. ప్లీడరు ఆమెని ఎదురుతిరిగిన సాక్షి అన్నాడు. ఇరవై రెండేళ్ల కాపురంలో ఎవరూ ఇవ్వని బిరుదది.

బయటికి రాగానే జగన్నాధం ఆమె మీద పడ్డాడు. "నా పరువు తీసీసినావు! ఏ మొకం ఎట్టుకుని ఇంటికొస్తావే?"

"ఈ మొకమే. ఇంకోటి లేదు." అంది అరుణశ్రీ. "ఏటా ఆ సంచిని ఉషతో పాటు బస్సెక్కించిందెవరండీ? మీరు కాదా?"

మెట్ల దగ్గర ఆటో కోసం నిలబడ్డ ఉష ఇటు తిరిగింది. జగన్నాధం ముఖానికి తువ్వాలు అడ్డం పెట్టుకుని, అందులోకే ఏదో గొణిగాడు.

అరుణశ్రీ తువ్వాలు లాగేసింది. "గట్టిగా సెప్పండి. సాక్షికి ఇనబడాల."

మెట్ల మీది జనం తిరిగి చూశారు.

"తప్పు సేసినాను, ఉషా," అన్నాడు జగన్నాధం, ఈసారి అందరికీ వినబడేలా. "అది దొంగతనం కాదని నాకారోజే తెల్సు."