దల్సును పిలిచిన రోజు

కొరియాలోని మా జేజు దీవి తీరంలో నీళ్లలో పోయినవాళ్లను ఊరికే వదిలెయ్యం. కంచు గిన్నెలో అన్నం పెట్టి, తెల్లగుడ్డలో మూటగట్టి, తాడుతో సముద్రంలోకి దించుతాం. కన్నతల్లే బిడ్డని పేరు పెట్టి పిలవాలి. పైకి లాగినప్పుడు అన్నంలో వెంట్రుక కనిపిస్తే ఆత్మ గట్టెక్కినట్టు. లేదంటే ఆ చలిలోనే ఉండిపోయినట్టు.

మా ఊరి ఆడవాళ్లం సముద్రంలో మునిగి ఆల్చిప్పలు ఏరి బతుకుతాం. మాతో మునిగే బున్యో కూతురు యన్సిల్ ఒకరోజు మునిగి మళ్లీ తేలలేదు. శవం కూడా దొరకలేదు. గిన్నె దించిన పొద్దున బున్యో గొంతు పోయేదాకా పిలిచింది. లాగిన ప్రతిసారీ ఉత్త అన్నమే.

పూజారమ్మ తాడు పట్టుకుని కళ్లు మూసుకుంది. "పిల్ల వస్తానంటోంది. కింద దల్సు చెయ్యి పట్టుకున్నాడు, వదలట్లేదు" అంది.

దల్సు చునోక్‌కి ఒక్కగానొక్క కొడుకు. ఏళ్ల కిందట తుఫానులో వాడి పడవ తిరగబడితే, పక్కనే వెళ్తున్న బున్యో మొగుడు ఆగలేదు. ఆయన పడవలో పసిపిల్ల యన్సిల్ ఉంది. ఆగితే అందరం పోయేవాళ్లం అన్నాడు, చచ్చేదాకా అదే మాట. ఇక రెండిళ్లూ ఉప్పూ నిప్పూ. మునిగొచ్చి చలి కాచుకునేటప్పుడు కూడా చునోక్ బున్యోకి వీపు తిప్పి కూర్చునేది. కొడుక్కి గిన్నె దించమని మేమెంత మొత్తుకున్నా, "ఆ ఇంటివాళ్ల ఏడుపు చూశాకే" అనేది. మొండిఘటం! దాన్ని చూస్తే నాకు ఒళ్లు మండేది.

ఆ మంటతోనే దానింటికి వెళ్లాను.

"ఏమే, నీ కోరిక తీరింది. ఏడుస్తున్నారు, వచ్చి కళ్లారా చూడు. నీ కొడుకు ఆ పిల్లని వదలట్లేదంట."

"వాడట్లాంటివాడు కాదే. ఒక్కడూ భయపడుంటాడు" అంది. "పిలిస్తే వచ్చేస్తాడే. నా భయమే అది. నేను మునిగినప్పుడల్లా పక్కనే ఉంటాడు. 'అమ్మా, ఊపిరి అయిపోతోంది, పైకి పో' అంటాడు. పంతమని మీరనుకున్నారు, అనుకోనిచ్చాను. గట్టెక్కిస్తే మళ్లీ నాకెక్కడ కనిపిస్తాడు?"

అన్నేళ్లుగా దాన్ని తిట్టుకున్నందుకు ఏడుపొచ్చింది.

అయినా అది లేచి వచ్చింది. బున్యో ఇసుకలో కాళ్ల మీద పడబోయింది. "అక్కా, మా ఆయన చేసిందానికి..."

"లే. క్షమించానని నా నోటితో అనలేను. నీ పిల్ల చలిలో ఉంది. ముందు తాడు పట్టుకో."

ఇద్దరూ ఒకే తాడు పట్టుకున్నారు. చునోక్ నీళ్లకేసి వంగింది.

"దల్సూ! చాల్లే నాన్నా, ఇక రా. ఆ పిల్లనీ తీసుకురా, వాళ్లమ్మ ఎదురుచూస్తోంది. నా గురించి బెంగపడకు."

తాడు బరువెక్కింది. రాళ్ల కింద నీళ్లలో ఇద్దరు నడిచి రావడం అందరం చూశాం. ముందు దల్సు, పోయిననాటి వయసుతోనే. వాడి చెయ్యి పట్టుకుని యన్సిల్. పడవలోని పసిపిల్ల ఇప్పుడు వాడి ఈడుదైంది. ఒడ్డు చేరేసరికి ఇద్దరూ లేరు. గిన్నెలో అన్నం మీద ఒక పొడుగు వెంట్రుక, ఒక పొట్టి వెంట్రుక ఉన్నాయి.

బున్యో కూతురిది తీసి గుండెకి హత్తుకుంది. చునోక్ కొడుకుది ముట్టుకోలేదు.

"పోయావా నాన్నా" అంటూ కూలబడింది. బున్యో వచ్చి పట్టుకుంటే తోసెయ్యలేదు. కొడుకు చచ్చిపోయాడని అది ఏడవగా మేం చూసింది ఆ రోజే.