రోకలికి కట్టిన కప్ప

కంకిపాడు కాలవగట్టున పెరిగిన హేమకు సముద్రం సంగతులేం తెలుసు? పెళ్లయి ఏడాదైనా కాలేదు. తొంభయ్యో సంవత్సరం మే ఎండలకు బందరు దగ్గరి మెట్టినూళ్లో మంచినీళ్ల బావి అడుగంటితే, పుట్టింటి వైపు చేసే పనే ఇక్కడా చేద్దామంది. రోకలికి వేపమండలు చుట్టి, మధ్యన కప్పను గుడ్డతో కట్టి, ఇంటింటికీ తిప్పింది. తాగడానికే లేని నీళ్లను ఆడవాళ్లు చెంబులకొద్దీ దాని మీద కుమ్మరించారు. చేపల వేటకెళ్లే ఇళ్లవాళ్లు ఎక్కడైనా వానను పిలుస్తారా అని అత్త రత్తమ్మ సణిగింది గానీ అడ్డుపడలేదు.

ఊరేగింపు అయ్యాక కప్పను నీళ్లలో వదలాలి. వదలకపోతే వచ్చిన వాన ఆగదని హేమ పుట్టింట్లో అంటారు. సరిగ్గా అప్పుడే మొగుడు కోటి పడవ బయల్దేరుతోందని కబురొచ్చింది. రోకలిని పాకలో మూలన పడేసి రేవుకు పరుగెత్తింది. కప్ప సంగతి మళ్లీ గుర్తొస్తే ఒట్టు.

మూడో నాడు వాన మొదలైంది. తుఫానని విజయవాడ రేడియో చెప్పింది. నాలుగో నాటి పొద్దున్నకి ఊరంతా బడి మేడకు చేరింది. పడవలన్నీ తిరిగొచ్చాయి, కోటిది తప్ప. అప్పుడు గుర్తొచ్చింది హేమకు ఆ కప్ప. మొగుడి మీదికి తుఫానును తనే తోలింది. దాన్ని వదిలేస్తే వాన ఆగుతుంది, ఆయన వస్తాడు. ఎవరికీ చెప్పకుండా గాలికి ఎదురు నడిచింది.

పాక కప్పు సగం లేచిపోయింది. లోపల మోకాటి లోతు నీళ్లు. రోకలి దొరికింది, వేపమండలు కూడా ఊడలేదు. గుడ్డ లేదు, కప్ప లేదు. బురదలో చేతులు పెట్టి దేవులాడుతుంటే వెతుక్కుంటూ రత్తమ్మ వచ్చింది. హేమ ఏడుస్తూ అంతా చెప్పేసింది. మీ అబ్బాయిని నేనే పొట్టనబెట్టుకుంటున్నానని కాళ్ల మీద పడింది.

రత్తమ్మ కోడలిని లేవదీసింది.

"నువ్వు రేవుకెళ్లగానే నేనే వదిలేశానమ్మా. గుడ్డ విప్పి, కుంటలో, నా చేత్తోనే."

"మరి ఆగదేం అత్తా?"

పాపం తనదే అయితే బాగుండేది అనిపించింది హేమకు. తప్పు తనదైతే దిద్దుకోవచ్చు. ఇప్పుడిక కోటి కోసం చెయ్యగలిగింది ఏదీ మిగల్లేదు. అత్త రెక్క పట్టి లాగుతున్నా ఆ బురదనీళ్లలో ఇంకా వెతుకుతూనే ఉంది.