అర నిమిషం మూత

మా ఆయనకి మూత కనిపిస్తే ఎత్తాల్సిందే. అన్నం దించి ఉమ్మగిల్లనిస్తే వచ్చి మూత తీసి, "అన్నమేగా" అని మళ్ళీ పెట్టేసి వెళ్తారు, లోపల నేనేదో గులకరాళ్ళు ఉడికిస్తున్నట్టు. ఆవిరంతా పోయి మెతుకు పలుకుగా మిగిలితే, కంచం దగ్గర కూర్చుని "ఇవాళ సరిగ్గా ఉడకలేదే" అనేదీ ఆయనే. పెళ్ళైన కొత్తలో చెప్పి చూశాను. "చూస్తే అరిగిపోతుందా?" అన్నారు. అరిగిపోయేది అన్నం కాదని చెప్పడం అప్పట్లో నాకు చేతకాలేదు.

ఆయన లాప్‌టాప్ కొనుక్కున్నాక, హాల్లో మూలనున్న పాత కంప్యూటర్ నాదైంది. అందులోని సిస్టమ్ కూడా పాతదే, కొత్తవేవీ ఎక్కించుకోదు. నాకు అదే హాయి. దాని తెర అడుగున ఒక పట్టీ ఉంటుంది, టాస్క్‌బార్ అంటారు. మనం తెరిచిపెట్టుకున్నవన్నీ దాని మీద వరసగా కూర్చుంటాయి. మౌసు బాణాన్ని వాటిలో ఒకదాని మీద ఊరికే ఆనిస్తే చాలు, లోపలున్నదాని బొమ్మ తపాలా బిళ్ళంత సైజులో పైకి లేస్తుంది. క్లిక్ చెయ్యక్కర్లేదు, తెరవక్కర్లేదు. అంటే మా ఆయన కోసమే కనిపెట్టిన వస్తువన్నమాట.

నేను ఆ కంప్యూటర్లోనే, దానికి తగిలించిన పెన్నుతో పిల్లల పుస్తకాలకి బొమ్మలు వేస్తాను. "వేస్తాను" అనడం ఈ మధ్యే మొదలుపెట్టాను. ఇదివరకు ఎవరైనా అడిగితే "ఏదో గీస్తుంటానండీ" అనేదాన్ని. ఇన్నాళ్ళూ ఒక పేజీ, అర పేజీ ఇచ్చిన ఎడిటరమ్మ ఈసారి ఒక మొత్తం పుస్తకం గురించి మాట్లాడింది. "ముందు ఏనుగుని పంపించు. అది నచ్చితే పుస్తకమంతా నీదే. నెలాఖరు దాటితే మాత్రం నా చేతిలో ఉండదు."

ఏనుగుకి వీపు వేశాను, చెవులు వేశాను, స్తంభాల్లాంటి కాళ్ళు వేశాను. తొండం ఆఖర్న వేద్దామని ఆగాను. నిలబడ్డ తీరు కుదిరితే తొండం ఎటు తిరగాలో ఏనుగే చెబుతుందని నా నమ్మకం. ఈలోగా వాషింగ్ మెషిన్ పిలిచింది. బొమ్మని అడుగు పట్టీలోకి దించేసి వెళ్ళి, బట్టలు ఆరేసి వచ్చేసరికి మా ఆయన మౌసు మీద చెయ్యి వేసి నిలబడి ఉన్నారు.

భోజనాల దగ్గర ప్రకటన వెలువడింది. "మీ అమ్మ పందిని గీస్తోందే! చాటలంత చెవులున్న పంది!"

అమ్మాయికి నవ్వొచ్చి పొలమారింది. అత్తయ్య సీరియస్‌గా ఆలోచించి, "పంది ఎందుకే, కుందేలుని వెయ్యి. పిల్లలకి బాగుంటుంది" అని సలహా ఇచ్చారు.

"నా ఫైలెందుకు తెరిచారు?" అన్నాను.

"నేనెక్కడ తెరిచాను? మౌసు ఆనింది, అదే కనపడింది."

నిజంగానే ఆయన తెరవలేదు. ఈ ఇంట్లో నావి ఎవరూ తెరవరు. అవే కనపడతాయి.

మర్నాటి నుంచీ అమ్మాయి బడి నుంచి వస్తూనే "అమ్మా, పంది అయిందా?" అని అడిగేది. నేనూ నవ్వేదాన్ని. కానీ పెన్ను పట్టుకుని తొండం దగ్గరికి వచ్చేసరికి చెయ్యి ఆగిపోయేది. ఎలా తిప్పినా పంది మూతిలాగే కనిపించేది. చెరిపేదాన్ని, గీసేదాన్ని, మళ్ళీ చెరిపేదాన్ని. ఎడిటరమ్మ ఫోన్ చేసింది.

"ఏనుగెక్కడిదాకా వచ్చింది?"

"తొండం దగ్గర ఆగిందండీ."

"తొందరగా తోలుకురా తల్లీ, నెలాఖరొచ్చేస్తోంది."

ఆ మధ్యాహ్నం నెట్‌లో వెతికాను. నాలాంటి పాత కంప్యూటర్ల వాళ్ళు ఎంతమంది ఉన్నారో! పట్టీ మీద లేచే ఆ చిన్న బొమ్మల్ని పెద్దవి చేసుకోవచ్చట, అసలు లేకుండా పేర్లు మాత్రమే ఉంచుకోవచ్చట. అసలు తీసేస్తే "ఏం దాస్తున్నావ్?" అంటారు. దాచడానికి నా దగ్గరేముంది? ఉమ్మగిల్లనివ్వమంటున్నాను, అంతే. ఇంకో దారి కూడా ఉంది. బాణం ఎంతసేపు ఆనితే బొమ్మ పైకి లేవాలో కూడా మనమే చెప్పొచ్చట. కాకపోతే దానికి సిస్టమ్ పొట్టలోకి వెళ్ళి ఒక అంకె మార్చాలి.

"అందులో వేలు పెట్టకు, మొత్తం పోతుంది" అని మా ఆయన ఎప్పుడూ అంటారు. మిక్సీ గురించీ అదే అన్నారు, గ్యాస్ రెగ్యులేటర్ గురించీ అదే అన్నారు. రెండూ నేనే బాగుచేశాను. కూరలో కొత్త పొడి వేసే ముందు కాస్త గిన్నెలోకి తీసిపెట్టుకున్నట్టు, పాత సెట్టింగులకి ఒక కాపీ తీసి పక్కన పెట్టుకున్నాను. అంకె మార్చాను. అర నిమిషం. కంప్యూటర్ ఆపి మళ్ళీ పెడితే తెర నల్లగా అయిపోయి, ఆ తర్వాత ఏమీ ఎరగనట్టు వెలిగింది.

ఆదివారం పొద్దున్న మా ఆయన కాఫీ కప్పుతో వచ్చి అలవాటుగా మౌసు మీద చెయ్యి వేశారు. ఏమీ లేవలేదు. మౌసుని బల్లకేసి రెండుసార్లు తట్టారు.

"ఇదేంటి, పాడైందా?"

"పాడవలేదు. అర నిమిషం ఆగితే కనపడుతుంది."

"అర నిమిషమా! ఎవరు పెట్టారు?"

"నేనే."

ఆయన బాణాన్ని ఏనుగు మీద ఆనించి నిలబడ్డారు. కాలు మార్చారు. కాఫీ గుటక వేశారు. కిటికీలోంచి చూశారు. వేలు క్లిక్ దాకా వెళ్ళి ఆగింది. నొక్కితే తెరిచినట్టే కదా, అదీ నేను చూస్తుండగా!

సోఫాలోంచి అత్తయ్య విసుక్కున్నారు. "ఏంట్రా ఆ కొంగ జపం? ఎదురుగా మనిషి ఉంది, అడగడానికి నోరు లేదా?" అని నావైపు తిరిగి, "అలాంటిదేదో నా కాలంలో గిన్నెల మూతలకి ఉండుంటేనా! మీ మామయ్యగారు మహానుభావుడు, పొయ్యి మీద ఏదీ కుదురుగా ఉడకనిచ్చేవారు కాదు" అన్నారు.

మా ఆయన మౌసు మీంచి చెయ్యి తీశారు. చెవులు కొంచెం ఎర్రబడ్డాయి.

"ఏం గీస్తున్నావ్?" అన్నారు.

ఇన్నేళ్ళలో నా పని గురించి ఆయన నన్ను అడగడం ఇదే మొదటిసారి. చూడటం వేరు, అడగడం వేరు.

"ఏనుగుని. తొండం ఇంకా వెయ్యలేదు. అయ్యాక నేనే పిలుస్తాను."

"ఏనుగా!" అన్నారు. పంది మాట ఎత్తలేదు. కప్పు తనే కడుక్కున్నారని చెప్పను, సింకులో మాత్రం పెట్టి వెళ్ళారు.

నేను పెన్ను అందుకున్నాను. తొండం ఒక్క ఊపున వచ్చింది. పైకి లేచి, మెలి తిరిగి, పేజీ చాలక పక్క పేజీలోకి కూడా వెళ్ళిపోయింది. ఆపలేదు, పోనిచ్చాను.

అందర్నీ పిలవడానికి నోరు తెరిచి, ఆగాను. అర నిమిషం. ముందు నేను చూసుకోవాలి.