వెళ్ళవనుకున్న మాటలు

నలభై దాటినా ఇంట్లో అందరికీ ఆమె చిన్నియే. చేసే పని గొంతు అరువివ్వడం. పరాయి భాషలో తీసిన పిల్లల బొమ్మల సీరియళ్ళకు మన భాషలో మాటలు చెబుతుంది. డబ్బింగ్ గదిలోకి వెళ్ళేముందు కళ్ళజోడు తీసి సంచిలో పెట్టేస్తుంది. పెట్టుకుంటే హెడ్‌ఫోన్ల కింద దాని కాడలు నొక్కుకుని సాయంత్రానికి చెవుల వెనక పుండవుతుంది. డైలాగులు ఫోనులోనే చూసి చదువుతుంది, అక్షరాలు గుమ్మడికాయలంత చేసుకుని.

ఫోను మాత్రం ఏరోప్లేన్ మోడ్‌లో ఉండి తీరాలి. అది బయటి టవరుతో ఊసులాడినప్పుడల్లా మైకు తీగల్లోకి గిరగిరమని ఒక రొద ఎక్కుతుంది. అద్దానికి అవతల కూర్చునే సౌండ్ ఇంజనీరు చెవిన ఆ రొద పడిందా, ఆ పూట అందరికీ మూడినట్టే. ఆయన పొద్దస్తమానం "నిశ్శబ్దం, నిశ్శబ్దం" అంటుంటాడు గనక ఆయన పేరే నిశ్శబ్దంగారు అయి కూర్చుంది. చిన్ని కడుపులో పేగు కదిలినా ఆయన పట్టేస్తాడు. "ముందు ఏదైనా తినిరండి మేడం" అని మర్యాదగా బయటికి పంపేస్తాడు.

ఆ మైకు ముందు ఇదివరకు నిలబడింది చిన్ని అక్క. అడవిలో జంతువులన్నిటికీ బుద్ధులు చెప్పే తాబేలు బామ్మకు ఏళ్ళ తరబడి ఆమే గొంతు. తెలిసినవాళ్ళ పిల్లలు ఫోను చేసి మరీ ఆమె చేత బామ్మలా తిట్టించుకునేవారు. అదే సీరియల్లో చిన్నికి దక్కేవి కప్పలూ, పిచ్చుకలూ, గుంపులో కేకలూ. అక్క వెలిగిపోతుంటే పక్కన నిలబడి చప్పట్లు కొట్టడం చిన్నికి చిన్నప్పట్నించీ అలవాటే. అలవాటైనంత మాత్రాన ఇష్టమని కాదు.

అంతలో అక్క గొంతులో కాయ లేచింది. ఆపరేషన్ చేసి తీసేశారు. నెలల తరబడి నోరు మెదపకూడదు, గుసగుసలు కూడా పనికిరావు అన్నాడు డాక్టరు. ఇల్లెగిరిపోయేలా మాట్లాడే మనిషి ఒక్కసారిగా మూగదైపోయింది. ఉప్పు కావాలన్నా, ఫ్యాను తగ్గించమన్నా ఫోనులో మెసేజే. బామ్మ పని చిన్నికి అప్పజెప్పిన రోజున కూడా మెసేజే పెట్టింది: "జాగ్రత్తగా చూసుకో. తిరిగొచ్చి నా బామ్మను నేను తీసుకుంటా."

తీసుకోవడానికి ఇక బామ్మ లేదు. స్టూడియో మేనేజరు చిన్నిని కూర్చోబెట్టి, "మీ అక్క గొంతు ఎప్పుడొస్తుందో, వచ్చినా ఎలా వస్తుందో ఎవరికి తెలుసు? ఇద్దరి గొంతూ ఒక్కలాగే ఉంది. పాత్ర ఇక నీదే, తెర మీద నీ పేరే వేస్తాం" అన్నాడు. చిన్ని సరేనంది, సంతకం కూడా పెట్టింది. ఇంట్లో ఎవరికీ చెప్పలేదు. పిల్లల సెలవులకు కొత్త భాగాలు మొదలవుతాయి. అక్క టీవీ ముందు కూర్చుంటుంది, తన బామ్మ కింద చెల్లెలి పేరు చదువుతుంది. ఆ లోపు తన నోటితో తాను చెప్పకపోతే ఇక అక్క ముఖం చూసే యోగ్యత ఉండదని చిన్నికి తెలుసు. తెలిసీ ఇవాళ రేపు అని నాన్చింది.

ఆ నాన్చుడులోంచే ఒక అలవాటు పుట్టింది. నిశ్శబ్దంగారు అవతల ఏవో మీటలు సవరించుకుంటున్నంతసేపూ గదిలో చిన్నికి పని ఉండదు. ఒకరోజు ఆ ఖాళీలో, చెప్పాల్సింది ఎలా చెప్పాలో చూసుకుందామని అక్కకు మెసేజ్ రాసింది. రాసి, పంపే మీట కూడా నొక్కింది. నొక్కకపోతే చెప్పినట్టే అనిపించలేదు మరి. ఏరోప్లేన్ మోడ్‌లో నొక్కినా మెసేజ్ ఎక్కడికీ పోదు, పక్కన చిన్న గడియారం బొమ్మ వేసుకుని అక్కడే పడి ఉంటుంది. బయటికి వెళ్ళేలోపు చెరిపేస్తే అసలు పుట్టనట్టే లెక్క. చెరిపేటప్పుడు ఫోను ఏదో అడిగేది, అలవాటైన చోట వేలు నొక్కేసేది.

మొదటి మెసేజ్ పెళ్ళిపిలుపంత మర్యాదగా ఉంది. "అక్కా, నీతో ఒక ముఖ్యమైన విషయం మాట్లాడాలి." తర్వాతివి అంత మర్యాదగా లేవు. "నేను అడగలేదు, వాళ్ళే ఇచ్చారు." "నువ్వే నా స్థానంలో ఉంటే వద్దనేదానివా?" "చిన్నప్పట్నించీ నువ్వు విడిచిన గౌన్లే తొడుక్కున్నాను, ఇదీ అలాంటిదే అనుకో." ఒకరోజు క్షమించమని కాళ్ళ మీద పడేది, మర్నాడు జుట్టు పట్టుకున్నంత పని చేసేది. రాసి, నొక్కి, చెరిపేసి బయటికొస్తే ప్రాణం తేలికపడేది. సాయంత్రం కళ్ళజోడు పెట్టుకుని, ఏమీ ఎరగనట్టు "మందు వేసుకున్నావా అక్కా?" అని మామూలు మెసేజ్ పెట్టేది. "వేసుకున్నా" అని అక్క జవాబిచ్చేది.

అలా రాయగా రాయగా ఒకనాడు లోపలి మాట బయటపడింది. "నీ గొంతు పనికిరాదని మేనేజరు అన్నప్పుడు నేను ముందు బాధపడలేదక్కా. ముందు సంతోషపడ్డాను. బాధ తర్వాత వచ్చింది." పంపే మీట నొక్కాక చిన్నికి తన మీద తనకే అసహ్యం వేసింది. వెంటనే చెరిపేసింది. ఆ వారం ఆదివారం అక్కను చూడ్డానికి వెళితే, తలనొప్పిగా ఉందని అక్క గదిలోంచి బయటికి రాలేదు. చిన్నికి అదే మేలనిపించింది.

సెలవులు దగ్గరపడ్డాయి. పని ఒత్తిడి పెరిగి, చిన్నికి ఖాళీ దొరకడం మానేసింది. ఒక మధ్యాహ్నం బామ్మ కుందేలు పిల్లకు సర్దిచెప్పే ఘట్టం నడుస్తోంది. "దారి ఎక్కడికీ పారిపోదురా, మెల్లగా..." అంటూ చిన్ని వంగి చదువుతోంది. ఆ వాక్యం మీదికి పైనుంచి ఇంకో వాక్యం జారింది. అదీ గుమ్మడికాయలంత అక్షరాలతోనే.

"రెండు రోజులుగా ఏమీ రాయట్లేదేం?"

పంపింది అక్క.

చిన్ని గొంతులో బామ్మ అక్కడికక్కడే ఆగిపోయింది. "మళ్ళీ మొదట్నించి" అన్నారు నిశ్శబ్దంగారు హెడ్‌ఫోన్లలో. ఆమె మళ్ళీ మొదలుపెట్టలేదు. ఫోను పట్టుకుని అద్దం అవతలికి నడిచింది.

"అన్నగారూ, ఏరోప్లేన్ మోడ్‌లో మెసేజ్ ఎలా వస్తుంది?"

ఆయన ఫోను తీసుకుని చూశాడు. "వైఫై వేసి ఉంది కదండీ. ఈ మోడ్ వేస్తే టవరుతో సంబంధం పోతుంది, కాల్సు రావు. వైఫై వేరే దారి. అది వేసి ఉంటే మెసేజ్‌లు దర్జాగా వస్తాయి, పోతాయి."

"నేను వేయలేదు."

"వేశారు. ఆమధ్య మార్చిన డైలాగుల పేజీలు అర్జెంటుగా రావాలంటే, మోడ్ తీయకుండా వైఫై ఒక్కటీ వేసుకోండని నేనే చెప్పాను. అప్పుడు మీరు వేసింది ఫోను గుర్తుపెట్టుకుంది. అప్పట్నించీ మీరు మోడ్ వేసిన ప్రతిసారీ టవరు ఆగుతోంది, వైఫై ఆగట్లేదు."

"మరి మీకు రొద వినబడలేదా?"

"వైఫైకి ఆ రొద రాదు మేడం. వచ్చుంటే ఆ రోజే మిమ్మల్ని బయటికి పంపేవాణ్ణి." ఆయన ఆమె ముఖం చూసి స్వరం తగ్గించాడు. "ఏమైందమ్మా?"

చిన్ని సంచిలోంచి కళ్ళజోడు తీసి పెట్టుకుంది. మోడ్ అలాగే ఉంచి అక్కకు మెసేజ్‌గా ఒక చుక్క పెట్టి పంపింది. గడియారం బొమ్మ కాదు, టిక్కు పడింది. వెంటనే రెండో టిక్కూ పడింది. జోడు లేని కళ్ళకు ఆ గదిలో గడియారమైనా టిక్కయినా ఒక్కటే మసక. చెరిపేటప్పుడు ఫోను అడిగే ప్రశ్న కూడా ఇప్పుడే చదివింది: అందరికీ తీసేయాలా, నీకు మాత్రమేనా అని. ఇన్నాళ్ళూ వేలు నొక్కింది రెండోదాన్నే. పిల్లి కళ్ళు మూసుకుని పాలు తాగుతూ ఎవరూ చూడట్లేదనుకుంటుందట. పేజీలు మారిన రోజు ఎప్పుడా అని గుర్తుచేసుకుంది. సంతోషపడ్డానని రాసింది దానికి బాగా తర్వాతే.

ఒంట్లో బాగాలేదని చెప్పి ఆటో ఎక్కింది. దారిపొడుగునా అబద్ధాలు అల్లుకుంది. ఎవరో ఫోను తీసుకుని రాశారందామా? అది సీరియల్లో డైలాగు అందామా? అక్కను మోసం చేసే ఓపిక కూడా తనలో మిగల్లేదని అక్క ఇల్లు చేరేసరికి తెలిసొచ్చింది.

బావ తలుపు తీశాడు. "రా రా, బట్టలు మడతపెడుతోంది" అన్నాడు గుసగుసగా. మాట్లాడకూడనిది అక్క ఒక్కతే, కానీ ఆ ఇంట్లో అందరూ గుసగుసలాడడం మొదలుపెట్టి చాలా రోజులైంది. బావ నోట్లో నువ్వుగింజ నానదు. ఆయన ఇంత మామూలుగా ఉన్నాడంటే అక్క ఆ మెసేజ్‌లు ఎవరికీ చూపించలేదన్నమాట. చిన్నికి ఆ సంగతి మరీ బరువనిపించింది.

అక్క బాల్కనీలో తువ్వాలు మడుస్తోంది. చెల్లెల్ని చూసి, పక్కనున్న బట్టల కుప్ప జరిపి చోటిచ్చింది.

"అవి నీకు రావనుకున్నానక్కా" అంది చిన్ని.

అక్క తన ఫోను అందుకుని రాసి చూపించింది. "మొదట్లోనే అర్థమైంది. తెలిసి పంపేదానివైతే అంత బాగా తిట్టవు."

"మరి ఒక్కదానికీ జవాబివ్వలేదేం?"

"ఇస్తే ఆపేస్తావని." అక్క మళ్ళీ రాసింది. "వేణ్ణీళ్ళు తాగు, విశ్రాంతి తీసుకో. ఇన్ని నెలలూ అందరూ నాతో అన్నవి ఇవే. నాతో పోట్లాడింది నువ్వొక్కదానివే. నాకు ఇంకా నోరున్నట్టు అనిపించేది."

చిన్ని అడక్కూడదనుకుంటూనే అడిగింది. "సంతోషపడ్డానని రాశాను. అదీ చదివావా?"

అక్క ఈసారి చాలాసేపు రాసింది, రాసింది చెరిపింది, మళ్ళీ రాసింది. "చదివాను. నీ ముఖం చూడబుద్ధి కాలేదు. తలనొప్పని పడుకుంది అందుకే. క్షమాపణలు కోరినవి ఎవరైనా రాస్తారు, వాటిని నేను నమ్మలేదు. అదొక్కటీ నమ్మాను. కోపం ఇంకా పోలేదు. పోతుందో లేదో తెలీదు."

"పోకపోయినా ఫరవాలేదు" అంది చిన్ని. ఆ మాట నిజం కాదు, ఇద్దరికీ తెలుసు. "పాత్ర వెనక్కిచ్చేస్తాను. రేపే మేనేజరుతో చెబుతాను."

అక్క తల అడ్డంగా ఊపింది. తువ్వాలు ఒళ్ళో పెట్టుకుని రాసింది: "ముందు బామ్మ డైలాగు చెప్పు. వింటాను."

పరీక్షల్లో కూడా చిన్ని అంత భయపడలేదు. గొంతు సవరించుకుని, తాబేలు బామ్మ వాన కోసం ఎదురుచూస్తూ తన చిన్నతనం చెప్పే ఘట్టం అందుకుంది. మేనేజరు, నిశ్శబ్దంగారు, తోటి కళాకారులు, ఎవరు విన్నా అచ్చు మీ అక్కేనన్నారు. చిన్ని కూడా అదే నమ్మింది. అక్క కళ్ళు మూసుకుని చివరిదాకా వింది. ఫోను ముట్టుకోలేదు. పెదవులు తెరిచింది.

"మాట్లాడకక్కా, డాక్టరు..."

"ఈ వారం నించి నాలుగు మాటలు అనొచ్చన్నాడు." గొంతు బొంగురుగా, తుప్పు పట్టిన గడియ లాగినట్టు, ముక్కలు ముక్కలుగా వచ్చింది. ఆ గొంతును చిన్ని ఎన్నడూ వినలేదు. దారిలో పిలిస్తే ఎవరో అనుకుని వెనక్కి తిరగదు కూడా.

"అది నా బామ్మ కాదే" అంది అక్క. ఊపిరి తీసుకుని, చెల్లెలి చెయ్యి పట్టుకుంది. "నీదే. నువ్వే చెప్పు."

అంతకాలం చిన్ని ఆశపడ్డది ఆ మాట కోసమే. ఇప్పుడు ఆ మాట దక్కింది గానీ, ఎవరి గొంతును అచ్చుగుద్దినట్టు పలికాననుకుందో ఆ గొంతు ఇక లోకంలో ఎక్కడా లేదు. అక్క చేతిని వదలకుండా అక్కడే కూర్చుని, అక్క బదులు కూడా తానే పైకి వెక్కి వెక్కి ఏడ్చింది.